గేమింగ్ ఛానల్ వదిలి సొంత దారి పట్టాలా? బెంగళూరు తెలుగు గేమర్ ముందున్న నాలుగు దారులు

మూడేళ్ల పాటు ఒక గేమింగ్ ఛానల్లో కెమెరా ముందు కూర్చున్నాను. ఆఫీసు కోరమంగలలో, గది బీటీఎం లేఅవుట్‌లో. రెండో ఏడు ఉగాదికి వారం సెలవు పెట్టి అనంతపురం వెళ్లాను. నా కుర్చీలో ఇంకో కుర్రాణ్ని కూర్చోబెట్టారు. నేను లేని వారం వ్యూస్ పడిపోతాయి, తిరిగొచ్చాక జీతం మాట ఎత్తొచ్చు అని లోపల్లోపల లెక్కలేసుకున్నాను. వచ్చి చూస్తే గ్రాఫ్‌లో గీత కదల్లేదు. కామెంట్లలో ఇద్దరు మాత్రం "అన్న ఎక్కడ?" అని అడిగారు. ఆ ఇద్దరిలో ఒకడు మా పిన్ని కొడుకు.

ఇప్పుడు ఎవరైనా ఫోన్ చేసి "అన్నా, ఛానల్ మానేసి సొంతంగా చేద్దామనుకుంటున్నా" అంటే ముందు ఈ కథే చెప్తాను. ఆపడానికి కాదు, ఏడాది తర్వాత నేనూ మానేశాను. కానీ ఆ వారం చూసి ఉండకపోతే తప్పు దారి పట్టేవాణ్ని.

"సొంతంగా" అంటే ఏది?

ఈ ఒక్క మాటలో రెండు కోరికలు దాక్కుని ఉంటాయి. ఒకటి, పని నాది కావాలి: పేరు, వీడియో, నేను సృష్టించిన పాత్ర, దాని మీద వచ్చే డబ్బు. రెండోది, ఈ పరుగు నాకొద్దు: వారానికి నాలుగు వీడియోలు, కొత్త గేమ్ వచ్చిన రాత్రి జాగారం, థంబ్‌నెయిల్ కోసం నోరు తెరిచి పెట్టే మొహం. రెండూ ఒకటే అనుకుని రాజీనామా చేసేవాళ్లే ఎక్కువ. మొదటి కోరిక ఉన్నవాడికి సొంత ఛానల్ సరిపోతుంది. రెండోది ఉన్నవాడు సొంత ఛానల్ పెడితే, అప్పటిదాకా నలుగురు పంచుకున్న పరుగు ఇక ఒక్కడే పరిగెత్తాలి.

అమెరికాలో పాలిగాన్ అనే గేమింగ్ సైటు ఛానల్లో బాగా పేరు తెచ్చుకున్న బ్రయన్ డేవిడ్ గిల్బర్ట్ 2020 డిసెంబరులో అక్కడ మానేశాడు. వెళ్లి ఇంకో గేమింగ్ ఛానల్ పెట్టలేదు. పాటలు, చిన్న స్కిట్లు, వింత వీడియోలు, తనకు తోచినవి తన వేగంతో చేసుకున్నాడు. అది రెండో కోరిక. 2023 నవంబరులో ఎస్కేపిస్ట్ అనే గేమింగ్ సైటు వీడియో బృందం విషయంలో జరిగింది ఇంకోటి. ఎడిటర్ని తీసేశారని మొత్తం బృందం రాజీనామా చేసి, వెంటనే సెకండ్ విండ్ అనే సొంత సంస్థ పెట్టుకుని దాదాపు అలాంటి వీడియోలే కొనసాగించింది. అది మొదటి కోరిక. మీది ఏదో తేల్చుకోకుండా కింద చదివినా ఉపయోగం తక్కువ.

తూకం వేయాల్సినవి

మొదటిది, జనం ఎవరి కోసం వస్తున్నారు. నా ఉగాది సెలవు లాంటి పరీక్ష మీరూ పెట్టుకోండి. పది రోజులు కనిపించకండి, వ్యూస్ చూడండి. తర్వాత ఛానల్ పేరు ఎక్కడా వాడకుండా మీ సొంత అకౌంట్‌లో వరసగా నాలుగు శనివారాలు లైవ్ పెట్టండి. నాలుగో శనివారం ఎంతమంది ఉన్నారో అదే మీ అసలు బలం. మొదటి శనివారం లెక్క వద్దు, ఆ రోజు స్నేహితులందరూ వస్తారు. ఒక మనిషి చుట్టూ కట్టిన ఛానల్ ఆ మనిషి లేకుండా నడవదనుకోవడం కూడా పొరపాటే. గేమ్ థియరీ అనే యూట్యూబ్ ఛానల్ మొదలుపెట్టిన మాట్ ప్యాట్ 2022లోనే కంపెనీని అమ్మేశాడు, 2024 మార్చిలో వ్యాఖ్యాతగా తప్పుకున్నాడు. కొత్త మొహాలతో ఆ ఛానళ్లు ఇప్పటికీ నడుస్తున్నాయి.

రెండోది, కాగితం. దీని మీద కాస్త ఎక్కువసేపు ఉంటాను, ఎందుకంటే నేను దెబ్బ తిన్నది ఇక్కడే. నా పాత్రకు నేనే పెట్టుకున్న పేరు, ప్రతి వీడియో మొదట్లో చెప్పే ఊతపదం, రెండూ ఒప్పందం అయిదో పేజీలో ఛానల్‌వి అని రాసి ఉన్నాయి. సంతకం పెట్టిన రోజు జీతం అంకె తప్ప ఏమీ చదవలేదు. 1957 నాటి కాపీరైట్ చట్టం ప్రకారం, వేరే ఒప్పందం లేకపోతే, ఉద్యోగంలో భాగంగా చేసిన పనికి మొదటి హక్కుదారు యజమానే. "నేను ఫ్రీలాన్స్ కదా" అన్న ధీమా కూడా వద్దు. డబ్బిచ్చి తీయించుకున్న వీడియో విషయంలోనూ చట్టం తీయించుకున్నవాడి వైపే ఉంటుంది. ఎస్కేపిస్ట్‌లో 2007 నుంచి జీరో పంక్చుయేషన్ అనే గేమ్ రివ్యూ సిరీస్ చేసిన యాట్జీ క్రోషా బయటికొచ్చినప్పుడు ఆ పేరు వెంట తెచ్చుకోలేకపోయాడు. పదహారేళ్ల పేరు. అదే గొంతు, అదే వేగంతో కొత్త పేరు పెట్టుకుని మళ్లీ మొదలుపెట్టాడు. జనం వెంట వెళ్లారు, ఎందుకంటే వాళ్లు వచ్చింది ఆ గొంతు కోసం. మీ విషయంలో అలా జరుగుతుందా అన్నది పైన చెప్పిన నాలుగో శనివారం చెబుతుంది.

కాగితంలో మనకు కలిసొచ్చేది కూడా ఒకటుంది. "మానేశాక రెండేళ్లు ఇంకే గేమింగ్ ఛానల్లోనూ కనిపించకూడదు" అని రాసుంటే బెదిరిపోకండి. 1872 నాటి కాంట్రాక్టు చట్టం 27వ సెక్షన్ ప్రకారం మనిషి తన వృత్తి చేసుకోకుండా ఆపే ఒప్పందం చెల్లదు. క్రికెటర్ జహీర్ ఖాన్ తన మేనేజ్‌మెంట్ కంపెనీతో గొడవపడిన కేసులో, ఒప్పందం ముగిశాక కూడా అతన్ని కట్టేసే షరతు చెల్లదని 2006లో సుప్రీంకోర్టు తేల్చింది. అయితే ఉద్యోగంలో ఉన్నంతకాలం ఆ షరతు చెల్లుతుంది, కంపెనీ రహస్యాలు బయటపెట్టకూడదన్న మాట తర్వాతా చెల్లుతుంది. పైగా మీరు జహీర్ ఖాన్ కాదు, లాయర్ నోటీసు ఒకటి వస్తే చాలు, ఇంట్లో నాన్నగారికి నిద్ర పట్టదు. రాజీనామాకు ముందే ఒక లాయరుకు కాగితం చూపించండి.

మూడోది, చేతిలో ఉన్న నెలలు. జీతం ఆగిన రోజు నుంచి ఎన్ని నెలలు అద్దె కట్టగలరు? బెంగళూరులో ఈ లెక్క కొంచెం వేరు. పీజీలో ఉంటే ఖర్చు తక్కువే, కానీ రాత్రి పదకొండుకు లైవ్ పెడితే పక్క మంచం వాడు ఊరుకోడు, పొద్దున రికార్డింగ్ పెడితే వాడి స్టాండప్ మీటింగు మీ వీడియోలో వినిపిస్తుంది. సొంత గది తీసుకోవాలంటే ఓనర్ అడిగే అడ్వాన్సు అయిదారు నెలల అద్దె, కొన్నిచోట్ల పది నెలలది. అది కూడా "ఏ కంపెనీ?" అన్న ప్రశ్నకు జవాబు ఉన్నప్పుడే. అందుకే ఇల్లు మారేదేదో ఆఫర్ లెటర్, జీతం స్లిప్పులు చేతిలో ఉండగానే మారండి. కంపెనీ ఇచ్చే పీఎఫ్, ఆరోగ్య బీమా పోతాయి. బీమా ముందే సొంతంగా తీసుకోండి, చాలా జబ్బులకు వెయిటింగ్ పీరియడ్ ఉంటుంది. యూపీఎస్, రెండో ఇంటర్నెట్ కనెక్షన్ కూడా లెక్కలో వేయండి. వానాకాలం సాయంత్రం లైవ్ మధ్యలో కరెంటు పోతే ఆఫీసులో జనరేటర్ ఉంటుంది, గదిలో కొవ్వొత్తి ఉంటుంది.

నాలుగోది, మీ బతుకు ఎన్ని గేముల మీద ఆధారపడింది. 2020 సెప్టెంబరులో పబ్‌జీ మొబైల్‌ని నిషేధించారు. దాని చోట 2021 జులైలో వచ్చిన బీజీఎంఐ 2022 జులైలో స్టోర్ల నుంచి మాయమై, 2023 మేలో తిరిగొచ్చింది. మధ్యలో 2022 ఫిబ్రవరిలో ఫ్రీ ఫైర్ పోయింది. నెల జీతం మీద ఉన్నవాళ్లు వేరే గేమ్ ఆడి గడిపేశారు. బీజీఎంఐ ఒక్కదాని మీదే సొంత ఛానల్ కట్టుకున్నవాడికి అది మాయమైన ఆ పది నెలలు చాలా పొడుగు.

మొదటి దారి: ఉన్నచోటే ఉండి, షరతులు మార్చుకోవడం

దీన్ని పిరికితనం అనుకుని ఎవరూ సీరియస్‌గా తీసుకోరు. నా లెక్కలో సగం మందికి ఇదే సరైనది. వారానికి అయిదు రోజులు బదులు మూడు రోజులు, గేమింగ్ కాని పనికి సొంత ఛానల్ పెట్టుకునే అనుమతి, ఒక కొత్త సిరీస్ మీద ఉమ్మడి హక్కు: ఈ మూడింట్లో ఏ ఒక్కటి దొరికినా లాభమే. అడగాల్సిన సమయం మీ వీడియో ఒకటి బాగా ఆడిన వారం. ఒప్పుకున్నది నోటిమాటగా వదలకండి, ఈమెయిల్‌లో రాయించుకోండి. మేనేజర్ మారితే మాట కూడా మారుతుంది.

రెండో దారి: ఒంటరిగా సొంత ఛానల్

యూట్యూబ్‌లో ప్రకటనల డబ్బు రావాలంటే 1,000 మంది సబ్‌స్క్రైబర్లు, ఏడాదిలో 4,000 గంటల వీక్షణ ఉండాలి. లేదా 90 రోజుల్లో షార్ట్స్‌కి కోటి వ్యూస్. ప్రేక్షకులు నెలనెలా కట్టే మెంబర్‌షిప్, లైవ్‌లో పంపే సూపర్ చాట్ డబ్బు కోసమైతే 500 మంది, 90 రోజుల్లో మూడు అప్‌లోడ్‌లు, 3,000 గంటలు చాలు. మామూలు వీడియో ప్రకటనల్లో 55 శాతం, షార్ట్స్‌లో 45 శాతం, మెంబర్‌షిప్‌లో 70 శాతం మీకొస్తుంది. ఖాతాలో 100 డాలర్లు చేరితే తప్ప బ్యాంకుకు రాదు. ఈ గీతలు దాటడం కష్టం కాదు. దాటాక వచ్చే మొదటి మొత్తం చూస్తే నీరసం వస్తుంది, అంతే.

తెలుగులో చేస్తే ప్రేక్షకుల సంఖ్య హిందీతో పోటీ పడదు, కానీ మనకో సౌలభ్యం ఉంది: అమెరికా తెలుగువాళ్లు. అక్కడి నుంచి చూసేవాళ్ల మీద ప్రకటన రేటు ఎక్కువ. ఆ వాటా మీద అమెరికా పన్ను కోస్తారు. పన్ను ఫారం నింపి పాన్ నంబరు ఇస్తే అమెరికా ఆదాయం మీద 15 శాతమే, ఫారం నింపకపోతే మొత్తం ఆదాయం మీద 24 శాతం దాకా పోవచ్చు. నాకు తెలిసిన ఒకడు ఎనిమిది నెలలు ఆ ఫారం ముట్టలేదు, "తర్వాత చూద్దాం లే" అని.

బ్రాండ్ డబ్బు సంగతి మారిపోయింది. ఒకప్పుడు గేమింగ్ ఛానళ్లకు రమ్మీ, ఫాంటసీ యాప్‌ల ప్రకటనలే పెద్ద తిండి. తెలంగాణ 2017లోనే, ఆంధ్రప్రదేశ్ 2020లో డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటల్ని నిషేధించినా, బెంగళూరులో కూర్చుని తెలుగులో ఆ ప్రకటనలు చదివినవాళ్లు ఉన్నారు. (నేనూ రెండు చదివాను. ఊళ్లో మా మావయ్య ఒకరు ఆ యాప్‌లో డబ్బు పోగొట్టుకున్నాక మానేశాను.) 2025 ఆగస్టులో పార్లమెంటు చేసిన ఆన్‌లైన్ గేమింగ్ చట్టంతో దేశమంతా ఆ ఆటలు, వాటి ప్రకటనలు నిషేధం. ప్రకటన చేస్తే రెండేళ్ల దాకా జైలు, 50 లక్షల దాకా జరిమానా. కాబట్టి పాత ఛానల్లో చూసిన స్పాన్సర్ అంకెల్ని మీ సొంత లెక్కలోకి ఎక్కించుకోకండి. మిగిలినవి హెడ్‌ఫోన్లు, ఫోన్లు, కుర్చీలు. ఏడాదిలో ఒక బ్రాండ్ ఇచ్చిన వస్తువుల విలువ 20,000 రూపాయలు దాటితే దాని మీదా 10 శాతం టీడీఎస్ ఉంటుంది. రాబడి ఏడాదికి 20 లక్షలు దాటితే జీఎస్టీ రిజిస్ట్రేషన్ కావాలి. మంచి ఆడిటర్ని పట్టుకోండి, ఈ విషయంలో వీడియోలు చూసి నేర్చుకోకండి.

మూడో దారి: నలుగురు కలిసి బయటికి

వినడానికి అన్నిటికంటే అందంగా ఉండే దారి. 2021లో జయంట్ బాంబ్ అనే గేమింగ్ సైటు నుంచి ముగ్గురు బయటికొచ్చి నెక్స్ట్‌ల్యాండర్ అనే సొంత పాడ్‌కాస్ట్ పెట్టుకున్నారు, నెలనెలా చందా కట్టే శ్రోతల మీద నడుపుతున్నారు. సెకండ్ విండ్ కూడా అదే పద్ధతి. కానీ వాళ్ల జనానికి నెలకు అయిదు డాలర్లు చందా కట్టడం అలవాటు. మన జనానికి లైవ్‌లో నలభై రూపాయల సూపర్ చాట్ పంపి పేరు చదివించుకోవడం అలవాటు. పైగా 2021 అక్టోబరులో రిజర్వు బ్యాంకు ఆటో డెబిట్ నియమాలు గట్టి చేశాక, విదేశీ సైట్లకు నెలనెలా కార్డు మీద కట్టడం మనవాళ్లకు తలనొప్పి అయింది.

ఈ దారిలో అసలు ప్రమాదం డబ్బు కాదు, "మనోళ్లే కదా" అన్న మాట. ఎడిటర్ కడప, కెమెరా నెల్లూరు, మీరు కర్నూలు, శనివారం రాత్రి మారతహళ్లిలో బిర్యానీ తింటూ కంపెనీ పేరు పెట్టేస్తారు. గూగుల్ అకౌంట్ ఎవడో ఒకడి ఫోన్ నంబరు మీద ఉంటుంది. ఏడాది తర్వాత వాడికి పెళ్లి కుదిరి ఉద్యోగంలో చేరతాడు. అప్పుడు ఛానల్ ఎవరిది? మొదటి వీడియోకు ముందే పార్ట్‌నర్‌షిప్ డీడ్ రాసుకోండి: ఎవరి వాటా ఎంత, ఎవరైనా వెళ్లిపోతే వాటా ఏమవుతుంది, పాస్‌వర్డ్ ఎవరెవరి దగ్గర. రాసుకుందాం అన్నందుకు మొహం మాడ్చుకునేవాడితో అసలు మొదలుపెట్టకండి.

నాలుగో దారి: తెర వెనక్కి

స్క్రిప్టు రాయడం, గొంతు ఇవ్వడం, చిన్న గేమ్ సొంతంగా చేయడం. బెంగళూరులో ఉన్నందుకు నిజంగా లాభం కనిపించేది ఇక్కడే. ధ్రువ ఇంటరాక్టివ్ అనే గేమ్ స్టూడియో 1997లో మొదలైంది ఈ ఊళ్లోనే, 2019లో దాన్ని జీటీఏ గేములు చేసే రాక్‌స్టార్ కొనుక్కుంది. యానిమేషన్, గేమింగ్ రంగానికి దేశంలో మొదట విధానం తెచ్చిన రాష్ట్రం కూడా కర్ణాటకే, 2012లో. స్టూడియోల్లో పనిచేసేవాళ్లు, యాప్‌లకు తెలుగు గొంతు కావాల్సినవాళ్లు, ట్రైలర్‌కు రాత కావాల్సినవాళ్లు ఒకే మెట్రో లైన్ మీద దొరుకుతారు. మూడేళ్లు రోజూ మాట్లాడిన గొంతుకు ఇక్కడ ధర ఉంది. బట్టల అల్మారాలో దుప్పట్లు వేలాడదీసి నేను చేసిన మొదటి రికార్డింగ్ మధ్యలో కుక్కర్ విజిల్ పడింది, క్లయింట్ నవ్వి మళ్లీ పంపమన్నాడు. అప్‌లోడ్ పరుగు లేదు, కామెంట్లు లేవు. మొహం మాత్రం జనం మెల్లగా మర్చిపోతారు, అది ముందే ఒప్పుకోవాలి.

సొంత గేమ్ అంటే వేరే సంగతి. గేములు అమ్మే స్టీమ్ సైటులో ఒక్కో గేమ్‌కి 100 డాలర్లు కట్టాలి, 1,000 డాలర్ల అమ్మకం దాటాక అది తిరిగి వస్తుంది. మామూలుగా అమ్మకంలో 30 శాతం వాళ్లది. అలాంటిదే ఇంకో సైటు ఇచ్.ఐఓలో వాళ్ల వాటా ఎంతో మీరే నిర్ణయించుకోవచ్చు, మామూలుగా 10 శాతం. ఖర్చు ఇది కాదు, కాలం. పుణేలో ఒక చిన్న బృందం చేసిన "రాజీ" అనే గేమ్ బయటికి రావడానికి ఏళ్లు పట్టింది, 2020లో వచ్చింది. గేముల గురించి బాగా మాట్లాడగలిగినవాడు గేమ్ చేయగలడన్న గ్యారంటీ లేదు. హోటల్ రివ్యూ రాసేవాడు హోటల్ పెట్టినట్టు.

| దారి | డబ్బు ఎప్పుడు | పని ఎవరిది | రోజువారీ పరుగు | చేతిలో ఉండాల్సిన నెలలు |
|---|---|---|---|---|
| ఉన్నచోటే, కొత్త షరతులు | ప్రతి నెలా | ఎక్కువగా ఛానల్‌ది | కొంచెం తగ్గుతుంది | అక్కర్లేదు |
| ఒంటరి ఛానల్ | నెమ్మదిగా, ఎగుడుదిగుడుగా | పూర్తిగా మీది | పెరుగుతుంది | 12 |
| నలుగురి బృందం | పంచుకున్నాక తక్కువ | డీడ్‌లో రాసుకున్నట్టు | పంచుకోవచ్చు | ఒక్కొక్కరికి 9 |
| రాత, గొంతు | పని చేసిన 45 రోజులకు, అడగ్గా అడగ్గా | సాధారణంగా క్లయింట్‌ది | తక్కువ | 4 |
| సొంత గేమ్ | చివర్లో, వస్తే | మీది | మీ ఇష్టం | 18 పైనే |

నెలల అంకెలు నావి, చుట్టూ ఉన్నవాళ్లను చూసి వేసుకున్నవి. ఇంటికి నెలనెలా డబ్బు పంపేవాళ్లు ప్రతి అంకెనూ రెండింతలు చేసుకోండి.

ఎవరికి ఏది

ఇరవై మూడేళ్లు, పీజీ, అప్పుల్లేవు, నాలుగో శనివారం కూడా జనం వచ్చారు: ఒంటరి ఛానల్ పెట్టండి. ఇంతకంటే మంచి వయసు రాదు, పెళ్లిచూపుల్లో "అబ్బాయి ఏం చేస్తాడు?" అన్న ప్రశ్న ఇంకా మొదలవలేదు. కానీ ఒక్క గేమ్ మీద పెట్టకండి.

ఈఎంఐ ఉంది, పిల్లలున్నారు: మొదటి దారి, దాంతోపాటు పక్కన రాత, గొంతు పని. ఆరు నెలలు వరసగా పక్క పని డబ్బు ఈఎంఐకి సరిపోతే అప్పుడు ఆలోచించండి.

అమ్మాయిలకు ఒక్క మాట అదనంగా. ఛానల్లో ఉన్నప్పుడు చాట్‌లో చెత్త వాగుడును ఎవరో ఒకరు తీసేస్తుంటారు. ఒంటరిగా లైవ్ పెట్టినప్పుడు ఆడుతూ, మాట్లాడుతూ, ఆ బూతుల్నీ మీరే చూడాలి. నమ్మకమైన మోడరేటర్లు ఇద్దరు దొరికాకే లైవ్ మొదలుపెట్టండి, వాళ్లకు డబ్బివ్వండి. నా పాత సహోద్యోగి ఒకామె లైవ్ పూర్తిగా మానేసి ఎడిట్ చేసిన వీడియోలే పెడుతోంది. సూపర్ చాట్ డబ్బు పోయింది, రాత్రుళ్లు నిద్ర తిరిగొచ్చిందంటుంది.

పరుగు వల్ల అలసిపోయి మానేయాలనుకునేవాళ్లు, అంటే నాలాంటి వాళ్లు, నాలుగో దారి చూడండి. నేను ఇప్పుడు గొంతు పనితో అద్దె కట్టుకుంటూ, నెలకు రెండు వీడియోలు నా ఇష్టమొచ్చినవి చేస్తున్నాను. వాటి వ్యూస్ ఇక్కడ చెప్పను.

రాజీనామాకు ముందు

ఆ వారం చేయాల్సిన పనులు కొన్నే. ఏ సైట్లకు మీ ఆఫీసు ఈమెయిల్‌తో లాగిన్ అయ్యారో అన్నీ మార్చుకోండి. మీ సొంత ఇన్‌స్టా, డిస్కార్డ్ మీ ఫోన్ నంబరు మీదే ఉన్నాయో లేదో చూసుకోండి. పనిని చూపించడానికి అయిదారు వీడియోలు వాడుకునేందుకు రాతపూర్వకంగా అనుమతి అడగండి. ఆఫీసు హార్డ్ డిస్క్ నుంచి ఫైళ్లు కాపీ చేసుకోకండి, రిలీవింగ్ లెటర్ ఆగిపోతుంది.

ఇంకొకటి, వీడ్కోలు వీడియో. నోటీసు ఇచ్చే రోజే అడగండి: రెండు నిమిషాల వీడియో, కింద మీ కొత్త ఛానల్ లింకు. మంచిగా విడిపోతున్నప్పుడు చాలామంది ఒప్పుకుంటారు, నెల గడిచాక ఎవరూ ఒప్పుకోరు. నేను అడగలేదు, అహం అడ్డొచ్చింది. ఎనిమిది నెలల తర్వాత పాత ఛానల్లో ఒక వీడియో కింద ఎవరో "ఆ అనంతపురం అన్న ఏమైపోయాడు?" అని రాశారు. దాని కింద ఒక్క జవాబూ లేదు. పిన్ని కొడుకుని అడిగాను. వాడు కాదట.